ముందు నడిచే మనిషి

వరహాలక్ష్మి అందరికన్నా ముందు పరిగెత్తడం నర్సీపట్నంలో చాలామంది చూశారు గానీ, ఈ ఆరేళ్ళలో ఆమె పరుగు పూర్తి చేయడం మాత్రం ఎవరూ చూడలేదు.

తప్పు ఆమెది కాదు, కొలువే అలాంటిది. పదివేల మీటర్ల పరుగులో పేసర్. విదేశాల్లో పోటీలు పెట్టేవాళ్ళు ఆమెను పిలిపించుకుంటారు. వాళ్ళు చెప్పిన వేగంతో ముందు తను పరిగెత్తాలి, ఎదురుగాలి తను కాయాలి, వెనకవాళ్ళు ఆమె వీపు చూసుకుంటూ హాయిగా రావాలి. సగం దూరం కాగానే ట్రాక్ దిగి తప్పుకోవాలి. పెళ్ళి ఊరేగింపులో బాజావాడి బతుకన్నమాట. ఊరేగింపంతా అతని వెనకే, పెళ్ళి మాత్రం అతనిది కాదు.

ఒకప్పుడు ఆసియా పోటీల్లో దేశం బనియన్ వేసుకుని తన కోసం తను పరిగెత్తింది. మోకాలు దెబ్బతిన్నాక ఆ వేగం సగం దూరానికే మిగిలింది. ఆ సగానికీ గిరాకీ ఉందంటే సరేనంది. ఊరు మారేది, హోటల్ గది మారేది, భాష మారేది. పరుగయ్యాక గెలిచినవాళ్ళు ఒకరినొకరు కావలించుకుని ఏడుస్తుంటే, ఆమె ఎవరికీ అడ్డం రాకుండా తన సంచీ వెతుక్కునేది. అప్పుడు మాత్రం మహా దిగులుగా ఉండేది.

ఆమెకున్నది ఒక్క అక్క, సింహాద్రమ్మ. తల్లి పోయాక పెంచింది ఆవిడే. కొండ మీది ఊరి నుంచి వారం వారం కొండచీపుళ్ళు తెచ్చి, నర్సీపట్నంలో అప్పలలక్ష్మి టిఫిను కొట్టు పక్కన కూర్చుని అమ్ముకుంటుంది. చెల్లెలి మొదటి పేసర్ పరుగు ఆ కొట్లోనే ఫోన్లో చూసింది. చెల్లెలు అందరికన్నా ముందు! కొట్లో ఒకటే ఈలలు. అంతలో ఆ పిల్ల ట్రాక్ దిగిపోయింది.

"మజ్జిలో ఒగ్గీసినాదేటి? దమ్ము సాల్నేదేటి?" అని ఎవరో నవ్వారు. సింహాద్రమ్మకు తల కొట్టేసినట్టయింది.

ఆ సంగతి తరవాత అప్పలలక్ష్మి నోటి వెంట వరహాలక్ష్మికి తెలిసింది. అక్కకు విడమరిచి చెబుదామనుకుంది. ఏమని? ఆగిపోవడమే నా ఉద్యోగమనా? నోరు రాలేదు. చెప్పేకన్నా ఒక్కసారి చూపిస్తే పోతుందనుకుంటూ ఏళ్ళు గడిపేసింది. చివరికి ఈ వేసవిలో జాతీయ పోటీలకు పేరు ఇచ్చింది, పేసర్‌గా కాదు. పతకం మీద ఆశ లేదు. అక్క చూస్తుండగా ఒక్క పరుగు చివరి గీత దాకా పరిగెత్తాలి. ఆ తరవాత పరుగే మానేసినా బెంగ లేదు.

"అక్కా, ఈసారి తప్పకుండా సూడు," అని ఫోన్లో చెప్పింది.

"సూస్తాన్లే," అంది సింహాద్రమ్మ.

పోటీ రోజు ఒళ్ళు తేలిగ్గా ఉంది. మోకాలు మాట వింది. అలవాటు కొద్దీ ముందుకు పోయింది, గుంపంతా వెనక. అప్పలలక్ష్మి కొట్టూ, ఫోన్లోకి తల వంచిన అక్కా కళ్ళలో మెదిలారు. మనసు అక్కడ ఉండగా కాళ్ళు తమ పని తాము చేసుకుపోయాయి. సగం దూరం కాగానే, ఎప్పుడూ తప్పుకునే చోటే, పక్కకు తప్పుకున్నాయి. గడ్డి మెత్తగా తగిలాక గానీ ఆమెకు తెలియలేదు. ఒకసారి ట్రాక్ దిగినవాళ్ళు మళ్ళీ ఎక్కి పరిగెత్తడానికి లేదు, అది రూలు. చేతులు కాలాక ఆకులు పట్టుకుని ఏం లాభం? గడ్డిలో కూలబడి చిన్నపిల్లలా ఏడ్చింది. ఎందుకని ఎవరూ అడగలేదు.

నర్సీపట్నం రోడ్ అని పేరే గానీ, ఆ రైలు స్టేషన్లో దిగాక ఊరికి మళ్ళీ బస్సెక్కాల్సిందే. బస్సులో ఆమె అక్కతో చెప్పాల్సిన మాటలు కూర్చుకుంటూనే ఉంది.

చీపురు కట్టల మధ్య సింహాద్రమ్మ ముఖం విప్పారింది. "వచ్చీసినావేటి వరాలూ! సూసాను. అందరికన్నా నువ్వే ముందు."

"తరవాత?"

"తరవాతది సూళ్ళేదు. నువ్వు ముందున్నంతసేపూ సూసి, ఫోను అప్పలచ్చిమికి ఇచ్చీసి బేగి ఎలిపోనాను. ఎప్పుడూ అంతే. నువ్వు దిగిపోడం నా కళ్ళతో సూడ్లేనే." ఒక చీపురు కట్ట చేతిలోకి తీసుకుంటూ అడిగింది. "ఈసారి ఆఖరు దాకా పరిగెట్టినావా?"

అంటే, తను చివరి గీత దాటి ఉన్నా అక్క చూసి ఉండేది కాదు. అవునని ఒక్క మాట అంటే సరిపోయేది, కానీ వరహాలక్ష్మికి ఇక దాచబుద్ధి కాలేదు. కాళ్ళు చేసిన పనీ, అసలు ఆగిపోవడమే తన కొలువన్న సంగతీ, అంతా చెప్పేసింది.

"సంతకెల్లీటప్పుడు నువ్వు ముందు నడిసీదానివి కదక్కా," అంది.

కొండదారిలో తెల్లవారుజామున నిలువెత్తు గడ్డి మంచుతో తడిసి ఉండేది. మొదట నడిచేవాళ్ళకే ఆ మంచూ, సాలెగూళ్ళూ, పురుగూ పుట్రా. అక్క చీర మోకాళ్ళ దాకా తడిసి ముద్దయ్యేది. వెనక వచ్చే చెల్లెలి పరికిణీ పొడిగా ఉండేది.

"అక్కడ నా పనీ అదే. మంచు నాకు, దారి ఆళ్ళకి."

సింహాద్రమ్మ చేతిలోని కట్ట విప్పి మళ్ళీ కట్టింది. తరవాత చెల్లెలి పాడైన మోకాలి మీద చెయ్యి వేసింది.

"ఆ పనికి సిగ్గేటే? కానీ నేనూ నీతో సంత దాకా వచ్చీదాన్ని కదా," అంది. "ఆళ్ళు నిన్ను మజ్జిలో ఒగ్గీసి ఎలిపోతారా?"

వరహాలక్ష్మి అవునన్నట్టు తల ఊపింది.