ఆయన అనని మాట

అయినా ఇద్దరూ ఒకేసారి అరుస్తుంటే ఆమెకున్నవి రెండు చేతులే కదా, ఒక చెయ్యి ఈయనకీ ఇంకో చెయ్యి ఆయనకీ పంచిపెట్టమంటారా ఏమిటి, పంచినా లాభం లేదు, సైగల భాషకి రెండు చేతులూ కావాలి, మొహం కూడా కావాలి, కనుబొమలు ఎత్తకపోతే ప్రశ్న ప్రశ్నే కాదు, ఎడమకి తిరిగి సైగ చేస్తే మాట్లాడేది కళ్ళజోడాయన, కుడికి తిరిగి చేస్తే నీలం కోటాయన, టీవీలో ఎన్నికల చర్చ చూసే వినపడనివాళ్ళకి అది గుర్తు, ఇందాకటి నుంచి ఎడమకీ కుడికీ తిరిగి తిరిగి మెడ పట్టేస్తోంది, తెర మూల ఆ చిన్న గడిలో తను ఈగలు తోలుకుంటున్నట్టు కనబడుతూ ఉంటుంది, మీరు ఇన్నాళ్ళూ ఏం ఒరగబెట్టారు అని ఈయన, మీ హయాంలో ఏం ఒరిగింది అని ఆయన, దయచేసి ఒకరి తరవాత ఒకరు అని మధ్యలో ప్రశ్నలడిగే ఆవిడ, ఆవిడ మాటా తనే చెప్పాలి, చెప్పడానికి ఇందులో ఏమైనా ఉంటే కదా, తాగునీటి గురించి అడిగితే దేశభక్తి గురించి చెబుతారు, దేశభక్తి గురించి ఎవరూ అడగకపోయినా చెబుతారు, కెమెరా పక్కన కుర్చీలో కూర్చున్న బాబాయ్, ఆఫీసులో అందరికీ ఆయన బాబాయే, ఆమె ఏదైనా మాట జారవిడిస్తే అందించడం ఆయన పని, ఆయన కూడా ఏం అందించాలో తెలీక గడ్డం గోక్కుంటున్నాడు.

అది కాదు అసలు బాధ, అసలు బాధ ఇందాక జరిగిపోయింది, పుట్టుకతో వినపడని అన్నయ్య ప్రశ్న దగ్గర, ప్రజల ప్రశ్నలు పంపమన్నారని అన్నయ్య నెల రోజులుగా అద్దం ముందు నిలబడి సైగలు సరిచూసుకుని వీడియో తీసి పంపాడు, వస్తుందంటావా అని రోజూ అడిగేవాడు, వచ్చింది, ప్రశ్నలడిగే ఆవిడ దాన్ని మాటల్లో రాయించుకుని చదివింది కూడా, చెక్క కోసే కార్ఖానాల్లో ప్రమాదమైతే సైరన్ మోగుతుంది, మాలాంటివాళ్ళకి అది మోగినా ఒకటే మోగకపోయినా ఒకటే, ప్రతి యంత్రం మీదా ఎర్ర దీపం వెలగాలని చట్టం చేస్తారా చెయ్యరా, ఇంత సూటిగా అడిగాడు, రంపం కింద వేళ్ళు పోయిన తన కార్ఖానా పొడుగాయన గురించి ఒక్క మాట కూడా కలపలేదు, జాలి పడి చెబుతారేమో అది నాకొద్దు అన్నాడు, వేళ్ళు పోతే ఎవరికైనా పని పోతుంది, చేతులతోనే మాట్లాడే పొడుగాయనకి మాట కూడా పోయింది, ఇప్పుడు ఆయన కూడబలుక్కుని చేసే సైగలు పెళ్ళానికి తప్ప ఎవరికీ అందవు, నీలం కోటాయన చర్చ చివర్లో చెబుతానని తప్పించుకున్నాడు, కళ్ళజోడాయన మాత్రం గుండె మీద చెయ్యి వేసుకున్నాడు, చాలా మంచి ప్రశ్న అన్నాడు, మా నాన్న కూడా కార్మికుడే, చెమట విలువ నాకు తెలుసు, ఈ దిశగా అందరం కలిసి ఆలోచించాల్సిన అవసరం ఎంతైనా ఉందని నేను మొదటి నుంచీ అంటూనే ఉన్నాను, అంటూ తలూపాడు, కళ్ళు కూడా కాస్త తడిచేసుకున్నాడు, ఆమె ఎప్పటిలాగే నాలుగు మాటలు వెనకగా ఉంది, సారం అందితేనే చేతికి పని, సారం కోసం ఆగింది, ఆగింది, రాలేదు, గాల్లో లేచిన చేతులు లేచినట్టే ఉన్నాయి, ఆయన తలూపుతూనే ఉన్నాడు, ఆవిడ తరవాతి ప్రశ్నకి కాగితం తిప్పుతోంది, ఎక్కడో ఇంట్లో అన్నయ్య తెరకి అంగుళం దూరంలో కూర్చుని ఉంటాడు, అప్పుడు ఆమె చేతులు వాటంతటవే అనేశాయి, అవును, చట్టం తెస్తాం, అని, తల కూడా ఊపింది, ఛ, ఊపేసింది.

విరామం ఇచ్చారు, నడవాలో గోడకి ఆనుకుని నీళ్ళు తాగుతుంటే బాబాయ్ వచ్చి పక్కన నిలబడ్డాడు, చూశాను లేమ్మా అన్నాడు, ఏం చెయ్యను బాబాయ్ అంటే ఏం చేస్తావు, వదిలెయ్, ఆయన మొహం అవునన్నట్టే ఉంది కదా, మొహం అవునంటే నోరు అన్నట్టేనా బాబాయ్, అబ్బా, నువ్వు మరీనమ్మా, ఇప్పుడు గడిలోంచి సవరణ చెబితే కళ్ళజోడాయన మనుషులు ఊరుకుంటారా, అవతలివాళ్ళ దగ్గర మేశావంటారు, అవతలివాళ్ళు చప్పట్లు కొడతారు, అది ఇంకా దరిద్రం, ఆ గడి పెట్టించుకోడానికి మనం ఎన్ని గుమ్మాలెక్కి దిగామో మర్చిపోయావా, అది కాస్తా తీసేస్తే మీ అన్నయ్యకి ఈపాటి కూడా ఉండదు, నిజమే, బాబాయ్ చెప్పేది నిజమే, అదే ఒళ్ళు మండించే సంగతి, అక్కడ లోపల ఇద్దరు పెద్దమనుషులు నోటికొచ్చింది వాగి మేకప్ సరిదిద్దించుకుంటున్నారు, ఒక్కడికీ చీమ కుట్టినట్టైనా లేదు, నడవాలో నిలబడి మాటకి అర్థం ఉండాలని ఏడుస్తున్నది మాత్రం తను, అంతలో ఫోన్ వెలిగింది, అన్నయ్య, తెర నిండా మొహమే, వెనక కార్ఖానా వాళ్ళంతా సోఫా మీదా నేల మీదా, పొడుగాయన కూడా, చూశావా, అవునన్నాడు, అంటున్నాడు అన్నయ్య, చేతులు ఎంత వేగంగా ఆడుతున్నాయంటే సగం తెరలో పట్టడం లేదు, మేమంతా అనేసుకున్నాం, ఓటు ఆయనకే, నేనూ వేస్తాను, ఇన్నేళ్ళూ వెయ్యలేదు కదా, ఎవడేమంటున్నాడో తెలీకుండా ఎలా వేస్తాను, ఇవాళ తెలిసింది, నీ చేతులు చల్లగా ఉండాలి.

వాళ్ళ ఓటు ఎవరికి పడబోతోంది, కళ్ళజోడాయనకి కాదు, ఆయన ఆ మాట అన్లేదు, అన్నది తను, తనేమో ఎక్కడా నిలబడలేదు, చెప్పాలి, అన్నయ్యా ఆగు, అంటూ చెయ్యెత్తింది, ఈలోపు విరామం అయిపోయింది లైట్లు వేస్తున్నాం రండి రండి అని లోపల్నుంచి కేక, తరవాత చెప్తా అని సైగ చేసింది, అన్నయ్య మొహంలో వెలుగు ఠక్కున ఆరిపోయింది, తరవాత చెప్తా, పుట్టినప్పటి నుంచీ వాడు ఎక్కువసార్లు చూసిన సైగ అదే అయ్యుంటుంది, అన్నాల దగ్గర అందరూ విరగబడి నవ్వుతుంటే ఏంటి ఏంటి అని అడిగేవాడు, తరవాత చెప్తాం లే, ఆ తరవాత ఎప్పుడూ రాలేదు.

మళ్ళీ లైట్లు, మళ్ళీ గడి, కుడికి తిరిగింది, నీలం కోటాయన రోడ్ల గురించి నీళ్ళు నములుతున్నాడు, తన చేతులు రోడ్లు వేస్తున్నాయి గానీ మనసు నాన్న దగ్గరుంది, నాన్నకి కోపమొస్తే ఇల్లు ఎగిరిపోయేది, అన్నయ్య చదువు మానేసి కార్ఖానాలో చేరిన రోజు నువ్వు నా పరువు తీశావురా అని వాడి మొహం మీదే అరిచాడు, ఏమంటున్నాడు అని వాడు తనకేసి చూశాడు, వెనక నుంచి అమ్మ, మంచిగా చెప్పవే, అంది, పనిలో జాగ్రత్త అంటున్నాడన్నయ్యా, అని చెప్పింది, అన్నయ్య నాన్న భుజం తట్టాడు, నాన్నకి దిక్కుతోచలేదు, ఆ ఇంట్లో ఎప్పుడూ అంతే, ఎవరేమన్నా తన చేతుల్లోంచి వెళ్ళేసరికి పంచదార పాకమే, నాన్న పోయాక చాలా రోజులకి ఓ మధ్యాహ్నం అన్నయ్య అన్నాడు, నువ్వు నాకు నాన్నని చాలా మంచివాడిగా చూపించావు, ఆయన మొహం చూస్తే అలా ఉండేది కాదు, ఆయనతో ఒక్కసారైనా గట్టిగా పోట్లాడి ఉంటే బావుండేది, అని, అప్పుడు తను నవ్వేసింది.

రోడ్లు అయిపోయాయి, ఆవిడ కాగితం తిప్పుతోంది, ఇప్పుడు కాకపోతే మరి లేదు, ఆమె నడుమ నిటారుగా నిలబడింది, ఎడమకీ కాదు కుడికీ కాదు, తన గుండె మీద వేలు పెట్టుకుని, అనువాదకురాలి సవరణ, అంది, బాబాయ్ కుర్చీలోంచి సగం లేచి మళ్ళీ కూలబడ్డాడు, వాళ్ళ వృత్తిలో ఆ మాట ఉన్నది ఇందుకే, చదువుకున్నప్పుడు ఎన్నిసార్లు రాసిందో, ఇన్నేళ్ళ ఉద్యోగంలో ఒక్కసారీ వాడలేదు, ఎర్ర దీపాల ప్రశ్నకి నేను చెప్పిన జవాబు తప్పు, అంది, ఎడమకి తిరిగింది, మంచి ప్రశ్న, మా నాన్న కార్మికుడు, చెమట విలువ తెలుసు, అందరం కలిసి ఆలోచించాలి, మొదటి నుంచీ అంటున్నాను, అంతే, అక్కడితో ఆపేసింది, అవునూ కాదు, కాదూ కాదు, ఖాళీ చేతులు గుండె ముందు అలాగే నిలిపింది, కళ్ళజోడాయన పక్కనే ఏదో వెలిగిపోతూ చెప్పేస్తున్నాడు, ఆయనకి ఇదేమీ తెలీదు, రేపు తెలుస్తుంది, రేపటి సంగతి రేపు, గడి ఉంటుందో ఊడుతుందో, ఇప్పుడు అక్కడ సోఫా మీద పొడుగాయన మొహం ఎలా మారి ఉంటుందో, అన్నయ్య తెర మీదకి చెప్పు విసిరి ఉంటాడో, విసరనీ, తిట్టనీ, ఓటు ఎవరికి వేస్తాడో మానేస్తాడో వాడిష్టం, వాడు అడిగింది మంచి జవాబు కాదు, వాళ్ళ జవాబు, అది ఎంత పనికిమాలినదైనా సరే, దాన్ని కళ్ళారా చూసి అందరిలాగే ఒళ్ళు మండించుకునే హక్కు వాడిది, ఇన్నాళ్ళూ దాన్ని కాజేసింది తన ప్రేమే.