కోడి కాదు, చిలక

మా గది ఆసుపత్రి వెనకవైపు, ఎక్స్‌రే గది పక్కన ఉంటుంది. రోగులు మాకు కనపడరు, వాళ్ళ గాయాలే కనపడతాయి. డాక్టరు రాసింది చదివి, ఇన్సూరెన్సు వాళ్ళ కోసం దానికి తగిన కోడ్ నంబరు వెయ్యడం మా పని. జంతువుల గాయాలన్నీ నా బల్ల మీదికే వస్తాయి. ఆవు తన్నితే ఒక కోడ్, ఆవు కరిస్తే ఇంకో కోడ్. బాతు కరిస్తే ఒకటి, బాతు వచ్చి గుద్దుకుంటే వేరే ఒకటి. బాతు గుద్దితే ఆసుపత్రిలో చేరే మహానుభావుడు ఎవరో నాకింతవరకూ తగల్లేదు. తగిలితే వెళ్ళి ఓ దండం పెట్టి రావాలని ఉంది.

చిలక కరిచినా కోడ్ ఉంది. ఆ కోడ్ వెయ్యాల్సి వచ్చిన రోజున నాకిక పని సాగదు. అమ్మ చిలక గుర్తొస్తుంది.

అమ్మ అక్క దగ్గర ఉండేది. రోజూ మధ్యాహ్నం నాకు ఫోను చేసి, "బుల్లీ, తిన్నావా?" అనేది. పంజరంలోంచి విని విని చిలక ఆ మాటను అచ్చం అమ్మ గొంతుతో పట్టేసింది. అమ్మ పోయాక ఆ గొంతు చిలక దగ్గర మిగిలింది, చిలక అక్క దగ్గర మిగిలింది. కొన్నాళ్ళు నా దగ్గర ఉంచుకుంటానన్నాను. "ఇల్లు మారిస్తే బెంగపెట్టుకుని చస్తుందే" అంది అక్క. "నేను బెంగపెట్టుకుంటే ఫర్వాలేదా?" అన్నాను. మాటా మాటా పెరిగింది. ఉన్నది ఒకే ఊళ్ళో అయినా ఆ తరవాత మాకు మాటల్లేవు.

ఫోను తీసి అక్క నంబరు దాకా వెళ్ళి ఆగిపోయేదాన్ని. అక్కతో మాట్లాడాలని కాదు. వెనకనుంచి చిలక వినపడుతుందేమోనని. అమ్మ గొంతు ఒక్కసారి వినాలి, అంతే. చిలక కరిచినవాళ్ళకు కోడ్ ఉంది గానీ, చిలక దక్కనివాళ్ళకు ఏ కోడూ లేదు.

అలాంటిది ఓ రోజు ఫైలు తెరిస్తే పైన అక్క పేరు. "కుడిచేతి వేలు. పెంపుడు పక్షి వల్ల గాయం." అంతే రాశాడు డాక్టరు. సొంతవాళ్ళ ఫైలు మేము ముట్టుకోకూడదు, ఇంకొకరికి ఇచ్చెయ్యాలి. మాకు తెలిసింది చెప్పనూ కూడదు. డాక్టరు రాయనిది మాకు తెలియనట్టే లెక్క. నోరు కుట్టేసుకుని పక్క కుర్చీ పెద్దాయనకు పంపించాను.

ఏ పక్షో డాక్టరును అడగాల్సింది ఆయన. భోజనానికి లేచే తొందరలో ఉన్నాడు. ఇళ్ళలో పెంచేది కోడి కాక ఇంకేముంటుందనుకుని కోడి కోడ్ తగిలించేశాడు.

కొన్నాళ్ళకు మా కిటికీ దగ్గర ఒక బొంగురు గొంతు లేచింది.

"మా ఇంట్లో కోడి ఎక్కడిదండీ? కోళ్ళఫారం ఏమైనా పెట్టారా అని ఇన్సూరెన్సు వాళ్ళు నన్నడుగుతున్నారు!"

ఆ బొంగురు గొంతు లోకంలో ఒక్కరికే ఉంది. పెద్దాయన సెలవులో ఉన్నాడు. నేనే లేచి వెళ్ళాను. అక్క చిక్కిపోయింది. వేలికి కట్టు ఉంది. నన్ను చూసి తెరిచిన నోరు తెరిచినట్టే ఉండిపోయింది.

"కోడని రాసింది నువ్వా?"

"నేను కాదు. నీ ఫైలు నేను ముట్టుకోకూడదు."

"అయితే ఇప్పుడు చిలకని మార్చు."

"డాక్టరు రాస్తేనే మార్చాలక్కా."

"నీకు తెలీదుటే, చిలకని?"

"నాకు తెలిసింది ఇక్కడ పనికిరాదు."

అక్కకు నవ్వొచ్చింది. ఆపుకుంది.

"ఎందుకు కరిచింది?" అన్నాను. కోడ్‌కు అక్కర్లేని ప్రశ్న అది.

"పంజరం మీద గుడ్డ కప్పబోయాను. ఒకటే వాగుడు."

"ఏమని?"

అక్క కట్టు సర్దుకుంది.

"ఒక్కసారి వింటానే అక్కా. తీసుకుపోనులే. విని వెళ్ళిపోతాను."

"వినకపోతేనే మంచిది" అంది. రావద్దని మాత్రం అనలేదు.

సాయంత్రం పని అయ్యాక అక్క ఇంటికి వెళ్ళాను. నన్ను పంజరం ముందు కూచోబెట్టి, టీ పెడతానంటూ వంటింట్లోకి జారుకుంది. చిలక నన్ను ఒక కంటితో చూసింది, తల తిప్పి రెండో కంటితో చూసింది. నేను కళ్ళు మూసుకున్నాను. "తిన్నావా" అనేటప్పుడు అమ్మ చివర కొంచెం సాగదీసేది. ఆ సాగదీత కోసం చెవులు రిక్కించాను.

"బుల్లీ" అంది. గొంతు బొంగురుగా ఉంది. "ఒక్కసారి రావే."

అక్క వచ్చిందనుకుని కళ్ళు తెరిచాను. గదిలో ఎవరూ లేరు. చిలక కమ్మీ మీద పక్కకు జరిగి మళ్ళీ అంది.

"బుల్లీ, ఒక్కసారి రావే."

అమ్మ నన్నెప్పుడూ అలా పిలవలేదు. "తిన్నావా" కోసం ఇంకా చాలాసేపు కూచున్నాను. రాలేదు. అమ్మ గొంతును అది మరిచిపోయింది. ఏడుపొచ్చింది, ఏడ్చాను. చిలకకు ఒక మాట ఊరికే రాదు. ఎవరో ఒకరు దాని ముందు కూచుని, వింటున్నారన్న ధ్యాస లేకుండా, అదే మాట పదే పదే అనుకోవాలి.

వంటింట్లో గిన్నెల చప్పుడు ఆగిపోయింది. అక్క బయటికి రాలేదు. నేనే లేచి లోపలికి వెళ్ళాను.