చైనా జవాబు

నేను ఎమ్మే పొలిటికల్ సైన్స్. మొదటి ఏడాది పాసయ్యాను, రెండో ఏడాది పరీక్షలకు ముందే వీసా వచ్చి కతర్ విమానం ఎక్కేశాను. అయినా అంతర్జాతీయ సంబంధాల పేపర్లో నాకు డెబ్బై ఒకటి వచ్చాయి. ఆ సంగతి మా క్యాంపులో తెలియనివాడు లేడు, ఎందుకంటే అందరికీ నేనే చెప్పాను. అందుకే రెండు వేల ఇరవై జూన్‌లో, సరిహద్దు దగ్గర చైనావాళ్ళతో కొట్లాటలో మన సైనికులు ఇరవై మంది చనిపోయారని తెలిసిన రోజు, డ్యూటీ బస్సులో అందరి కళ్ళూ నా మీదే పడ్డాయి.

పడక ఏమవుతాయి? మేం పనిచేస్తున్నది చైనా కంపెనీలో. వరల్డ్ కప్ స్టేడియంకు ఇనుప పైకప్పు ఎక్కిస్తున్నాం. పైన క్రేన్ నడిపేది చైనావాడు, కింద దూలాలకు హుక్కు తగిలించేది మేము. మా ఇంజనీర్ లియు కూడా చైనావాడే. వచ్చిన నాలుగు ఇంగ్లీషు ముక్కలతో నిదానంగా మాట్లాడతాడు. వాళ్ళ దేశానికీ మన దేశానికీ చెడితే దూలం కింద నిలబడేది మేమే.

"తమ్మీ, గిప్పుడు మన గతేంది?" అని ముందుగా అడిగింది గంగన్న.

గంగన్నది ఆర్మూర్ పక్కన పల్లె. ఏడేళ్ళుగా ఇద్దరిదీ ఒకే గది. ఇంటి దగ్గర ఆయన భార్య గంగాబాయికి గర్భసంచిలో గడ్డ తేలింది, జూలై ఇరవైన ఆపరేషన్ అన్నారు డాక్టర్లు. ఫిబ్రవరిలోనే సెలవు అడిగాడు. మార్చిలో కరోనా వచ్చి విమానాలు ఆగిపోయాయి. ఆపరేషన్ నాటికి ఆమె పక్కన ఉండాలి, మళ్ళీ వచ్చి కొలువులో చేరాలి. ఆ రెండూ తప్ప గంగన్న వేరే మాట మాట్లాడి నాలుగు నెలలైంది.

నేను గొంతు సవరించుకున్నాను. చైనా వెంటనే జవాబివ్వదని, ఓపికగా చూసి మనం మరిచిపోయాక దెబ్బ కొడుతుందని చెప్పాను. ఆ దెబ్బ సైన్యంతోనే కొట్టక్కర్లేదు, వ్యాపారంతో కొడుతుంది, కంపెనీలతో కొడుతుంది అన్నాను. మన కంపెనీలో సగం వాళ్ళ సర్కారుదే అని కూడా అన్నాను. అది నిజమో కాదో నాకు తెలియదు. చెప్తూ చెప్తూ నాకే భయం పట్టుకుంది. భయం పడితే నేను ఇంకా ఎక్కువ మాట్లాడతాను, అది నా జబ్బు.

ఆ రోజు నుంచి ఎక్కడ చూసినా ఆనవాళ్ళే. చైనా ఇంజనీర్లు మాతో కూర్చుని తినడం మానేశారు. కరోనా రూలు వల్ల వాళ్ళకు వేరే టెంట్ వేశారు, ఆ బోర్డు నేను చదివాను కూడా. చదివినా నమ్మలేదు. క్రేన్‌వాడు పైనుంచి చెయ్యి ఊపడం లేదని ఒకడన్నాడు. అంతకు ముందు ఊపేవాడా అంటే ఎవరికీ గుర్తులేదు. లియు నవ్వడం లేదన్నాను నేను. మాస్కు కట్టుకున్నవాడు నవ్వితే మాత్రం ఎలా కనపడుతుంది? హుక్కు తగిలించి తల పైకెత్తినప్పుడల్లా నా కాళ్ళు వాటంతట అవే రెండడుగులు వెనక్కి వెళ్ళేవి.

జూన్ నెలాఖరులో మన ప్రభుత్వం చైనా యాప్‌లు యాభై తొమ్మిది బంద్ చేసింది. కుర్రాళ్ళంతా టిక్‌టాక్ పోయిందని ఏడుస్తుంటే, ఇక జవాబు వచ్చే వేళైంది అన్నాను. మర్నాడు పొద్దున్నే లియు చేతిలో కాగితంతో వచ్చాడు.

ఆయన చెప్పింది స్పష్టంగానే చెప్పాడు. జూలై నాలుగున హైదరాబాద్‌కు విమానం ఉంది. ఇంట్లో ఆపద ఉన్నవాళ్ళకు కంపెనీ పదహారు సీట్లు అడిగి సంపాదించింది. ఆగస్టులో తిరిగి రావడానికి పర్మిట్ కూడా కంపెనీయే పెట్టిస్తుంది. పేర్లు రెండు రోజుల్లో ఇవ్వాలి. మా గుంపుకు తెలుగులో చెప్పింది నేనే, ఒక్క ముక్క వదలకుండా చెప్పాను. లియు అటు తిరగ్గానే దాని అసలు అర్థం కూడా చెప్పాను.

"ఇండియావాళ్ళ పేర్లే ఎందుకు రాసుకుంటున్నరు? నిన్న మనం యాప్‌లు బంద్ పెడితిమి, ఇయ్యాల లిస్టు వచ్చింది. ఎల్లగొడుతున్నం అని ఎవడూ చెప్పడు గంగన్నా. సెలవు అంటరు. పోయినంక పర్మిట్ రాలేదంటరు."

ఇండియాకు విమానం కాబట్టి ఇండియావాళ్ళ పేర్లే రాస్తారని ఆ క్షణంలో నాకు తట్టలేదంటే ఎవరు నమ్ముతారు? డెబ్బై ఒక్క మార్కుల బుర్ర నాది.

గంగన్న రెండు రోజులు తిండి సరిగ్గా తినలేదు. లెక్క మాత్రం కుదిరింది, అదే బాధ. నాలుగున దిగితే పద్నాలుగు రోజులు క్వారంటైన్ పోయినా ఆపరేషన్‌కు ముందే ఆమె దగ్గరుంటాడు. కానీ కొలువు పోతే ఆపరేషన్ తర్వాత మందులేం పెట్టి కొంటాడు? చివరికి నా దగ్గరికే వచ్చాడు.

"నువ్వు సదువుకున్నోనివి తమ్మీ. నువ్వేమంటే గదే."

వద్దన్నాను. లియు అడిగినప్పుడు గంగన్న నోరు విప్పలేదు, నేనే చెప్పాను, ఆయన వెళ్ళడు అని. లియు కాగితం మూసి, మధ్యాహ్నం మళ్ళీ వచ్చి అడిగాడు. సాయంత్రం బస్సెక్కుతుంటే మూడోసారి అడిగాడు. మూడుసార్లు అడిగాడంటే ఎంత పట్టుదలగా పంపించాలని చూస్తున్నాడో చూడు అని గంగన్నతో అన్నాను. ఆయన తలూపి కిటికీ వైపు తిరిగాడు.

నా మాట వినని పదకొండు మంది నాలుగో తారీఖున వెళ్ళిపోయారు. ఐదు సీట్లు మిగిలిపోయాయి.

ఎనిమిదో తారీఖున లియు నన్ను ఆఫీసుకు పిలిచాడు. మెట్లెక్కుతుంటే నా చెమటకు చొక్కా వీపుకు అంటుకుపోయింది. ఇక నా వంతు వచ్చిందనుకున్నాను. లోపల బల్ల మీద పదకొండు అప్లికేషన్లు ఉన్నాయి, అన్నిటి మీదా కంపెనీ స్టాంపు. తిరిగి రావడానికి పర్మిట్లవి. వెళ్ళినవాళ్ళ ఫోన్ నంబర్లు కావాలి, నీ దగ్గరుంటే రాసివ్వు అన్నాడు.

నంబర్లు రాసిచ్చాను. లియు మాస్కు దించి నీళ్ళు తాగాడు. అప్పుడు అడిగాడు, గంగ భార్యకు తగ్గింది కదా అని. గంగన్నను ఆయన గంగ అనే పిలుస్తాడు. ఆయనే చెప్పుకుపోయాడు. గంగ ఏడవడం తను రెండుసార్లు చూశాడట. ఆయన కోసమని కాగితంలో మొదటి సీటు అట్టే పెట్టాడట. మూడుసార్లు అడిగినా వద్దన్నాడంటే ఆవిడకు నయమై ఉంటుందని తన భార్యకు కూడా ఫోన్‌లో చెప్పాడట. లియు తన ఇల్లు చూసి పద్దెనిమిది నెలలైంది, వాళ్ళ ఊరికి విమానమే లేదు.

ఇంకో సీటు దొరుకుతుందా అన్నాను. ఈ నెలంతా నిండిపోయింది అన్నాడు. దొరికినా క్వారంటైన్ ఉంటుంది కదా, అంత తొందరేమిటి అన్నాడు. ఆపరేషన్ ఇంకా కాలేదని చెప్పలేకపోయాను. సిగ్గు అంటే ఏమిటో నాకు ఆ గదిలోనే తెలిసింది.

పదకొండున్నర దాటింది. ఎండకు పని ఆపే సమయం కనక అందరూ రెస్ట్ టెంట్‌లో ఉన్నారు. గంగన్న కూలర్ పక్కన కూర్చుని స్పీకర్ పెట్టి గంగాబాయితో మాట్లాడుతున్నాడు. చైనావాళ్ళను తిడుతున్నాడు, తనను వాళ్ళే రానివ్వడం లేదని చెప్తున్నాడు. నన్ను చూసి, తమ్ముడు వచ్చిండు అని ఫోన్ నా చేతికిచ్చాడు.

"తమ్మీ, నువ్వు గిన చెప్పకుంటే ఈయన ఆ లిస్టుల పేరిచ్చి కొలువు పోగొట్టుకుంటుండె. ఆ దేశంల మాకు నువ్వే దిక్కు తమ్మీ," అంది గంగాబాయి. ఆయాసంతో ఆగి ఆగి అంది.

ఆ మాట భరించలేకపోయాను. నా బరువు దించుకోవడం తప్ప ఆ క్షణంలో వేరే ఏమీ ఆలోచించలేదు, అదీ ఒప్పుకుంటాను.

"వదినె, కంపెనీ ఆపలేదు. అది నిజంగ సెలవే. తిరిగొచ్చే కాయిదాలు గూడ ఇప్పుడే నా కండ్లతోటి చూసిన. నేనే వద్దన్న. నాదే తప్పు."

"అయితే రావచ్చుండెనా?" అంది, చాలా మెల్లగా. నన్ను కాదు అడిగింది.

గంగన్న ఫోన్ లాక్కోలేదు, నెమ్మదిగా తీసుకున్నాడు. నెట్ సరిగ్గా లేదు, మళ్ళీ చేస్తానని చెప్పి కట్ చేశాడు. కొడతాడనుకున్నాను, కొడితే బాగుండుననుకున్నాను. ఆయన ఫోన్‌ను చొక్కా అంచుతో తుడిచి జేబులో పెట్టుకున్నాడు.

"నాకొక్కనికే చెప్తే అయిపోతుండె గద తమ్మీ," అన్నాడు. "చైనోడు ఆపిండని ఆమె వాన్ని తిట్టుకుంట పోతుండె ఆపరేషన్‌కు. ఇప్పుడు మొగడే రాలేదనుకుంట పోతది."