కుర్చీ ఈనింది

శుక్రవారం పొద్దున్నే కౌన్సెలింగ్ గదిలో కుర్చీ ఈనింది.

ఊడ్చడానికి వచ్చిన యాదమ్మ చూసి, చీపురు గోడకు ఆనించి, చాయ్ పెట్టడానికి వెళ్తుంది. సాదిఖా చెప్పులు విప్పకముందే కబురు చెప్పేస్తుంది.

"మేడమ్, కుర్సీ ఈనింది. పిల్లలు గట్టిగనే ఉన్నయి. ఒక్కదానికి చెయ్యి జర వంకర. పెద్దగయితే సర్దుకుంటది."

సాదిఖా లోపలికి తొంగి చూస్తుంది. వచ్చినవాళ్ళ కోసం వేసిన పాత టేకు కుర్చీ అలసిపోయి గోడవైపు తిరిగి ఉంది. దాని కాళ్ళ చుట్టూ మోకాలెత్తు కుర్చీలు, వార్నిష్ ఇంకా ఆరనివి, తడబడుతూ తిరుగుతున్నాయి.

వాటిని ఒక్కొక్కటిగా ఎత్తి వరండాలో దించి, సాదిఖా తలుపు గడియ వేస్తుంది. సైకాలజీ ఎమ్మేలో ఆమె నేర్చుకున్న మొదటి నియమం ఇది: వచ్చేది ఒక్కరు, కుర్చీ ఒక్కటి, తలుపు మూసి ఉండాలి. ఆ నియమమంటే ఆమెకు ప్రాణం. ఆమె పెరిగిన ఇంట్లో స్నానాలగదికి తప్ప దేనికీ గడియ లేదు. దాని బయట కూడా ఎవరో ఒకరు నిలబడి కబుర్లు చెబుతూనే ఉండేవారు.

ఆ ఇల్లు ఎ.సి. గార్డ్స్‌లో ఉంది. ఆఫ్రికా నుంచి వచ్చి నిజాం గుర్రపు దళంలో చేరిన సిద్దీల బస్తీ అది. గుర్రాలు పోయాయి, దళం పోయింది. ఉంగరాల జుట్టూ, పెళ్ళి ఊరేగింపుల్లో వాయించే మర్ఫా డోళ్ళూ మిగిలాయి.

ఇవాళ రావలసింది యుమ్నా, సాదిఖా అన్నకూతురు, డిగ్రీ చదువుతున్న పిల్ల. యుమ్నా కొంచెం కొంచెంగా విదేశాలకు వెళ్ళిపోతోంది. బస్సులోనో క్యాంటీన్‌లోనో ఎవరైనా "మీది ఏ దేశం?" అని అడిగితే చాలు, ఆమె ఒంట్లోంచి ఏదో ఒకటి బయలుదేరుతుంది. మొదట చిటికెన వేలు నైజీరియా వెళ్ళింది. తరవాత ఉంగరపు వేలు కెన్యా వెళ్ళింది. అడిగినవాడికి భూగోళం సరిగా రాకపోవడం వల్ల ఎడమ మోచెయ్యి జమైకా చేరింది. నెత్తురు రాదు, నొప్పీ ఉండదు. పోయినచోట వెనకున్న గోడ కనిపిస్తుంది, అంతే.

"ఇట్లనే అయితే రంజాన్ కల్లా నేను కనబడ, ఫుప్పూ," అంటుంది యుమ్నా, లోపలికొచ్చి మేనత్త ఎదురుగా కూర్చుని.

"అడిగినోళ్ళకు ఏం చెప్తున్నవ్?"

"మాసబ్ ట్యాంక్ పక్కనే అంటున్న. నవ్వుతరు. అది కాదు, అసలు ఊరు చెప్పు అంటరు."

వరండాలో చిన్న కుర్చీలు తలుపును గీరుతున్నాయి. సాదిఖా గడియ మరోసారి చూసుకుంటుంది.

"అందర్నీ పక్కన పెట్టు బేటీ. అబ్బాని, దాదీని, బస్తీని, అందర్నీ. నీ ఒక్కదాని సంగతి చెప్పు. నువ్వెవరు?"

పాఠంలో ఉన్నట్టే అడుగుతుంది, మెత్తగా.

యుమ్నా ఎడమ చెవి లేచి, కిటికీలోంచి బయటికి వెళ్తుంది. ఏ దేశానికో చెప్పదు.

"నువ్వు గూడ అడిగినవా, ఫుప్పూ?"

ఆ మాటతో యుమ్నా పెదవుల అంచులు పలచబడతాయి. వాటి గుండా వెనక గోడ మీది క్యాలెండర్లో తేదీలు కనిపిస్తున్నాయి. నోరు కూడా వెళ్ళిపోతే తనను వెనక్కి పిలవమని అడగడానికైనా పిల్లకు వీలుండదు. సాదిఖా లేచి గడియ తీస్తుంది.

కుర్చీలు లోపలికి వస్తాయి. ఈలోగా పూర్తిగా ఎదిగిపోయాయి. వాటి వెనక దాదీ వస్తుంది. ఆవిడ యుమ్నాకు నానమ్మ, సాదిఖాకు తల్లి. పోయి చాలా కాలమైంది గానీ ఎక్కడికైనా అందరికంటే ముందు చేరే అలవాటు పోలేదు.

"గడియ పెట్టుకుని ఏం జేస్తున్నరు లోపల, చోరీనా?" అంటుంది. "ఇంత గదికి ఒక్కటే పంకానా?"

దాదీ వెనక సాదిఖా అన్న జౌహర్ భుజాన మర్ఫా వేసుకుని వస్తాడు. అతని వెనక మామూలు బట్టల్లో కొందరు, దళం దుస్తుల్లో కొందరు, ఇంకా వెనక అసలు బట్టలు ఏ కాలానివో తెలియనివాళ్ళు. గది సర్దుకుంటూ పొడవవుతుంది. ఆఖరి వరసలో ఎవరు కూర్చున్నారో ఇక్కణ్ణుంచి కనిపించదు.

"భాయ్, వాయించు. తొందరగా," అంటుంది సాదిఖా.

"పాగల్ అయినవా? డోలు చల్లగుంది," అంటాడు జౌహర్. "కాచకుండ కొడితే ఏం పలుకుతది?"

డోలు చర్మం బిగియాలంటే ముందు మంట చూపించాలని బస్తీలో పాకే పిల్లలకు కూడా తెలుసు. సాదిఖాకూ తెలుసు. అయినా ఇంతసేపూ చల్లటి పిల్లను ప్రశ్నలతో కొడుతూ కూర్చుంది.

"కాచండి," అంటుంది. "ఇద్దర్నీ."

యాదమ్మ అట్టపెట్టెలు చింపి తెస్తుంది. "బిల్డింగు సారు పొగకు ఒప్పుకోడు మేడమ్. కిటికీ తెరుస్త."

మంట లేస్తుంది. సాదిఖా తన కుర్చీని ఈడ్చుకొచ్చి యుమ్నా పక్కన వేసుకుంటుంది. జౌహర్ డోలును మంట మీద తిప్పుతాడు, సాదిఖా పిల్ల చేతుల్ని తిప్పుతుంది. ఎవరూ ఏమీ అడగరు. వెనక వరసల నుంచి పేర్లు వస్తున్నాయి, ఖర్జూరాల పళ్ళెంలా చేతులు మారుతూ. ఒక్కో పేరునూ యుమ్నా అందుకుని ఒళ్ళో పెట్టుకుంటుంది. కొన్ని పేర్లు బరువుగా ఉన్నాయి. కొన్నింటికి మధ్యలో విరిగిన గుర్తు ఉంది.

జౌహర్ గోటితో చర్మాన్ని మీటుతాడు. ఖణేల్మంటుంది. వాయించడం మొదలుపెడతాడు.

ముందు వేళ్ళు వస్తాయి, గోళ్ళ మీద విమానాశ్రయం ముద్రలతో. మోచెయ్యి కొంచెం ఆలస్యంగా, బాగా నల్లబడి వస్తుంది. "ఇప్పుడు కళ వచ్చింది," అని మెచ్చుకుంటుంది దాదీ.

చివరికి చెవి వస్తుంది. ఉప్పునీళ్ళు కారుతున్నాయి. అది వస్తూ వస్తూ వీధి తలుపు వేయలేదు.

డోలు ఆగిపోతుంది. మెట్ల మీద ఏదో పెద్దది ఎక్కుతోంది. మెట్టుకోసారి ఆగి ఊపిరి తీసుకుంటోంది. యాదమ్మ వెళ్ళి చూసి వస్తుంది.

"మేడమ్, సముద్రం వచ్చింది. అపాయింట్‌మెంట్ లేదంట."

ఒకప్పుడు ఆ సముద్రం మీదే వచ్చిన, కనిపించని ఆఖరి వరస ఒక్కసారిగా లేచి నిలబడిన చప్పుడవుతుంది. దాదీ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంటుంది. సాదిఖా చెయ్యి తనంతట తానే గడియ వైపు వెళ్తుంది.

"రానియ్యి," అంటుంది యుమ్నా. పెదవులు నిండుగా ఉన్నాయి. ఆ గొంతు ఒక్కరిది కాదు.

సముద్రం తలవంచి గుమ్మం దాటుతుంది. నేల మీద చుక్క పడదు. దాని వీపున, దళం గుర్రాలకు కట్టినట్టే, జీను కట్టి ఉంది. యుమ్నా దగ్గరికి వెళ్ళి, అన్ని వేళ్ళూ పరిచి, తోలు మీద చెయ్యి వేస్తుంది.

జీను వెచ్చగా ఉంది. దాని మీద నుంచి ఎవరో ఇప్పుడే దిగారు.