గంగామణి లేని క్యాసెట్

తొంభై మూడుల ఆర్మూర్ బస్టాండు కాడ నాకు వీడియో షాపుండె. దుబాయి పోయినోళ్ల ఇండ్లకు పోయి, ఆడికి పంపెతందుకు క్యాసెట్లు తీసెటోన్ని. ఇంటోళ్లంత వరుసగ నిలవడి చేతులూపుతరు, నవ్వుతరు. గా నవ్వులు తీసి తీసి నాకే యాష్టకొచ్చింది.

మోర్తాడ్ గంగామణి వేరే మాట చెప్పింది. ఆమె మొగడు ఎంకటి దుబాయి పోయి ఆరేండ్లు. ఒక్కపారి గూడ రాలే.

"నీ క్యాసెట్ల నవ్వుకుంట కనవడ్డ అన్నా. మంచిగనె ఉన్నదని గాయిన ఫికర్ లేకుంట ఉంటుండు. ఈపారి నేను లేని ఇల్లు తియ్యి. మనిషి లేకుంటె ఎట్లుంటదో జర తెలువనీ."

"ఓయమ్మో! ఉత్త గోడలు ఎవడు చూస్తడు?" అన్న. ఆమె ఇన్లే.

ఆ పొద్దు ఆమె వాకిట్ల ముగ్గెయ్యలే, పొయ్యి ముట్టియ్యలే. తాను పండే మూల తియ్యమన్నది. కరెంటు పోయి ఇంట్ల చీకటైతె, ఆమెనే ఆడ దీపం పెట్టి పక్కకు జరిగింది. మాట లేదు, పాట లేదు. ఆపుదామంటె వద్దని చెయ్యూపింది. నాకు తిక్క లేచింది. గని ఆ మూలను చూసినకొద్ది నా మనసు ఎట్లనో అయింది. క్యాసెట్‌ను దుబాయి పోయే బాల్కొండ మనిషితోని పంపినం.

పసుపు సీజన్ల ఎంకటి బస్సు దిగి సీద నా షాపుకే వచ్చిండు. నున్నటి గుండు.

"అన్నా, నా పెండ్లాం ఎట్ల పోయిందే? నాకెవ్వరు చెప్పకపోతిరి!" అని బోరున ఏడ్సిండు.

నాకు గప్పుడు ఎలిగింది. ముగ్గు లేని వాకిలి, సల్లటి పొయ్యి, పండే కాడ దీపం. మా దిక్కు సావైన ఇల్లు గట్లనె ఉంటది. పానం పోయిన జాగల దీపం పెడ్తరు. తీసెటప్పుడు నాకు తట్టలే, ఆమెకూ తట్టలే.

"నీ పెండ్లాం గుండ్రాయి లెక్క ఉన్నదిర బై! మార్కెట్ల పసుపు అమ్మనీకి వచ్చింది, నడువు," అని తోల్కపోయిన.

గంగామణి కుప్ప కాడ పసుపు కొమ్ములు ఏరుతున్నది. మొగన్ని చూసి లేచింది. గుండు చూసి ఆగింది. నేను సంగతంత చెప్పిన. నవ్వుతదనుకున్న. నవ్వలే.

"ఆరేండ్లు రమ్మని మొత్తుకుంటె సెలవు దొర్కలే," అన్నది. "సచ్చిన్నంటె దొర్కిందా?"