తెరలో కొంగు పట్టుకున్న పాప

ఫిషింగ్ హార్బర్‌లో మూతపడిన ఐస్ ఫ్యాక్టరీలో వీడియో ప్రదర్శన పెట్టారంటే, నాలుగేళ్ల కూతురు లాస్యని వెంటబెట్టుకుని ఈశ్వరి చూడ్డానికి వెళ్లింది. లోపల గోడంత తెర. కాసేపు అందులో ఆ ఖాళీ గదే కనిపించింది. తర్వాత వెనక తలుపు పక్కగా తనే నడిచొచ్చింది, కొంగు పట్టుకుని లాస్య. సరదా పుట్టి ఈశ్వరి చెయ్యెత్తింది. తెరలోని ఈశ్వరి ఎత్తలేదు.

"ఇదేటి బాబూ, నానెత్తితే అది ఎత్తదేటి?"

అక్కడ కాపలా ఉన్న సాయిశంకర్ నవ్వాడు. "అది ఇప్పటి మీరు కాదక్కా. ఐదు నిమిషాల కిందటి మీరు."

"మరి పాప?"

అడుగుతూనే ఈశ్వరి పక్కకి చూసింది. కొంగు ఒక్కటే వేలాడుతోంది.

"రోడ్డు వైపు నాను సూత్తానక్కా," అంటూ సాయిశంకర్ పరుగెత్తాడు. ఈశ్వరి వెనక తలుపు దగ్గరికి ఉరికింది. జెట్టీ. కుడికీ ఎడమకీ బోట్లు, గంపలు, మనుషులు. పిలిచింది. ఇంజిన్ల మోతలో ఆ పిలుపు తనకే వినబడలేదు. ఎటు పోవాలి? తలుపు అవతల కొంత మేర తెరలో పడుతోందని గుర్తొచ్చి వెనక్కి వచ్చింది.

తెరలో ఈశ్వరి తీరుబడిగా ఫోనులో ఫొటోకి కోణం చూసుకుంటోంది. లాస్య కొంగు లాగింది. ఆ ఈశ్వరి విదిలించుకుంది.

"తిరిగి సూడవే," అంది ఈశ్వరి తెరతో. జరిగిపోయినదే, అయినా తొందరపెట్టడానికి లేదు. లాస్య మళ్లీ ఏదో అడిగింది. నోరు కదిలింది గాని మాట లేదు. తర్వాత కొంగు వదిలేసి, గెంతుకుంటూ తలుపు దాటి ఎడమకి తిరిగింది.

ఈశ్వరి అటే పరుగెత్తింది. ఐస్ పెట్టెలు దాటాక కనబడింది. జెట్టీ నుంచి బోటుకి వేసిన చెక్క మీద, సరిగ్గా మధ్యన కూర్చుని, లాస్య వంగి నీళ్లలోకి చూస్తోంది. బోటు ఊగినప్పుడల్లా చెక్క జరుగుతోంది. కేక గొంతు దాకా వచ్చింది. పిలిస్తే ఉలిక్కిపడి తిరుగుతుంది. ఈశ్వరి చెప్పులు విప్పి, చెక్క మీద మెల్లగా అడుగులు వేసింది. గౌను వీపు గుప్పిటకి చిక్కాక గాని ఊపిరి వదల్లేదు.

బోటులో అటు తిరిగి వల సర్దుకుంటున్న ముసలాయన అప్పుడు చూశాడు. "ఏటమ్మా, పిల్లని అలగొగ్గీసి ఏటి సేత్తన్నావ్?"

"దాన్నే సూత్తన్నాను బాబూ," అంది ఈశ్వరి. గుప్పిట విప్పడం ఆమెకి చేతకాలేదు.