దీపాలవేళ కెమెరా

లండన్ నుంచి వచ్చిన క్లేర్ మేడమ్ దేశాలన్నీ తిరిగి జనం కష్టాల మీద డాక్యుమెంటరీలు తీసే మనిషి. ఆవిడ కెమెరా ముందు ఏడవనివాళ్ళు లేరట. అలాంటి మనిషి మా పేరమ్మ పిన్ని దగ్గర బోల్తా పడింది.

పిన్ని ఒక షేకు గారింట్లో వంటమనిషి. ఆదివారం సెలవుకి దుబాయ్ కరామాలో నా గదికొస్తుంది. క్లేర్ కూడా అక్కడికే వచ్చేది. పిన్ని ముఖం మసక చేస్తానని ముందే మాటిచ్చింది. మాటలు అటూ ఇటూ చేరవేసే పని నాది.

సాయంత్రం కిటికీలో ఎండ బంగారంలా పడుతుందని ఆవిడ ఆ వేళకే కెమెరా పెట్టేది. పిన్ని దీపం వెలిగించి, ఆవిడ చేతిలో పులిహోర ప్లేటు పెట్టి, బుద్ధిగా కూర్చునేది.

"ఇక్కడ మీకేం కష్టాలున్నాయి?"

"నాకేం కష్టాలమ్మా! అంతా చల్లగానే ఉన్నాం."

నాకు ఒళ్ళు మండిపోయింది. వీసా ఇచ్చిన ఆ షేకే, అదే కఫీల్, పాస్‌పోర్టు దాచేశాడని ఆ పొద్దున్నే నా ఒళ్ళో పడి ఏడ్చిన మనిషేనా ఇది! వచ్చే ఆదివారం కూడా ఇంతే అయితే సినిమా ఖలాస్ అని లండన్ వాళ్ళు చెప్పేశారట. క్లేర్ ముఖంలో నెత్తురు చుక్క లేదు. పాపం అనిపించింది.

ఆవిడ వెళ్ళగానే విరుచుకుపడ్డాను. "ఏం పిన్నీ, నోరు పడిపోయిందా?"

"నీకేవన్నా మతుందా దుర్గా? దీపాలేళ కొంపలో కష్టాలెత్తుతారేంటే? ఏడిస్తే లచ్చిందేవి ఉంటాదా?"

హయ్యో! ఇన్ని వారాలుగా ఈ ముక్క నాకు తట్టలేదే! వెంటనే క్లేర్‌కి ఫోన్ చేసి వచ్చే ఆదివారం మధ్యాహ్నమే రమ్మన్నాను.

"అప్పుడు వెలుతురు బాగోదే" అంది.

"మీకు వెలుతురు కావాలా, పేరమ్మ కావాలా?"

వచ్చింది. ఆ మిట్టమధ్యాహ్నం పిన్ని అడక్కుండానే మొదలెట్టింది.

"పిల్ల పురిటికి నన్ను ఊరికి పంపలేదమ్మా. మనవడు మాటలు కూడా నేర్చేశాడు. ఆడికి అమ్మమ్మంటే ఫోనే. అది మోగకపోయినా ముద్దెట్టుకుంటాడంట."

నేను ఇంగ్లీషులో చెప్పడం పూర్తికాకుండానే క్లేర్ బావురుమంది. కరోనాలో వాళ్ళమ్మ పోయిందట. ఈవిడ వేరే దేశంలో ఇంకెవరి అమ్మనో కెమెరాలో బంధిస్తూ, సొంత అమ్మని ఫోన్లోనే సాగనంపిందట.

కెమెరా ఆపడం ఎవరికీ గుర్తులేదు. ఆ ముక్క తీసెయ్యమని లండన్ వాళ్ళు ఎంత చెప్పినా క్లేర్ వినలేదు. సినిమాలో పిన్ని ముఖం మసకగా ఉంటుంది, ఏడుస్తున్న క్లేర్ ముఖం తేటగా ఉంటుంది. పిన్ని కిటికీ కేసి ఒకసారి చూసి, ఆవిడ తల నిమురుతుంది.

"ఇంకా బోల్డంత పొద్దుంది తల్లీ. ఏడువు."